ఆరు నెలల్లో కృష్ణ పదార్థం: విశాఖకో ప్రణాళిక

అమెరికాలోని సౌత్ డకోటాలో లీడ్ అనే చిన్న ఊరుంది. అక్కడ మూతబడిన హోమ్‌స్టేక్ బంగారు గనిలో, నేలకు సుమారు కిలోమీటరున్నర అడుగున, జెనాన్ అనే అరుదైన వాయువును 10 టన్నులు ద్రవంగా మార్చి నింపిన తొట్టి పెట్టుకుని దాదాపు 250 మంది శాస్త్రవేత్తలు కృష్ణ పదార్థం (డార్క్ మ్యాటర్, కంటికి కనిపించకుండా బరువుతోనే ఉనికి తెలిపే పదార్థం) కోసం కాపు కాస్తున్నారు. ప్రయోగం పేరు లక్స్-జెప్లిన్, ముద్దుగా ఎల్‌జెడ్. 280 రోజుల డేటా లెక్కలు తేల్చి 2024 ఆగస్టులో ఫలితం ప్రకటించారు. ఏమీ దొరకలేదు. అదీ సిగ్గుపడుతూ చెప్పలేదు, అది పరమాణువును తాకే అవకాశానికి ప్రపంచంలోకెల్లా కఠినమైన పరిమితి పెట్టామని గర్వంగా చెప్పారు. కొండను తవ్వి ఎలుకను పట్టారని మనం ఎవరినైనా వెక్కిరిస్తాం గాని, ఎలుక కూడా దొరకలేదని రాతపూర్వకంగా ఇచ్చి, ఎంత చిన్న ఎలుక వరకు లేదో దశాంశ బిందువు తర్వాత 47 సున్నాలు పెట్టి మరీ చెప్పే వృత్తి లోకంలో ఇదొక్కటే.

ఇటలీలో గ్రాన్ సాసో కొండ కింద జెనాన్-ఎన్‌టీ వాళ్ళదీ అదే వరస. చైనాలో 2,400 మీటర్ల రాతి కింద పాండాఎక్స్ వాళ్ళదీ అంతే. ఈ అలసత్వాన్ని విశాఖ చూస్తూ ఊరుకోవడం బాగుండదు. గని తవ్వకుండా, బీచ్ రోడ్డు దాటకుండా, ఆరు నెలల్లో కృష్ణ పదార్థాన్ని కనిపెట్టవచ్చు. పెద్ద కష్టమేమీ కాదు, వాళ్ళు పడుతున్న జాగ్రత్తలన్నీ మనం మానేస్తే సరి.

ఉందా లేదా అన్న చర్చతో కాలయాపన వద్దు. 1933లో ఫ్రిట్జ్ జ్వికీ కోమా గెలాక్సీ గుంపును చూసి, కనిపించే బరువు అందులోని గెలాక్సీల వేగాలను పట్టి ఉంచడానికి ఏ మూలకూ చాలదన్నాడు. 1970లలో వెరా రూబిన్, కెంట్ ఫోర్డ్ గెలాక్సీల అంచులు కూడా నడిమి భాగమంత జోరుగా తిరుగుతున్నాయని చూపించారు. ఇప్పటి లెక్క ప్రకారం మామూలు పదార్థానికి అయిదు రెట్లకు పైగా కృష్ణ పదార్థం ఉంది. ఒక్కో కణం ప్రోటాను కంటే 100 రెట్లు బరువనుకుంటే మన చుట్టూ లీటరుకు మూడు ఉంటాయి. సెకనుకు 220 కిలోమీటర్ల వేగంతో పోతుంటాయి కాబట్టి, మీ బొటనవేలి గోరంత జాగా గుండా సెకనుకు 60 వేలకు తక్కువ కాకుండా దాటిపోతున్నట్టు. సరుకుకు కొరత లేదు. దేన్నీ తాకకుండా పోతుందన్నదే చిక్కు. టన్ను జెనాన్‌లో ఏడాదికి ఒక్కటి తాకినా వాళ్ళకు పండగే.

ముందు స్థలం చూడాలి. ఆ ప్రయోగాలన్నీ పాతాళానికి పోవడానికి కారణం అంతరిక్షం నుంచి వచ్చే కాస్మిక్ కిరణాల తాలూకు మ్యూయాన్లనే కణాలు. సముద్ర మట్టంలో చదరపు సెంటీమీటరుకు నిమిషానికి ఒకటి చొప్పున కురుస్తుంటాయి. నెత్తిన కిలోమీటరున్నర రాయి ఉంటే అవి లక్షల రెట్లు తగ్గిపోతాయి. మన దేశంలోనూ జార్ఖండ్‌లోని జాదూగూడ యురేనియం గనిలో 555 మీటర్ల కింద 2017లో ఇందుకోసమే ప్రయోగశాల పెట్టారు. మనకు ఆ ప్రయాస దేనికి? భీమిలి రోడ్డులో సముద్రం కనిపించే షెడ్డు ఒకటి అద్దెకు తీసుకుందాం. మీటరున్నర వెడల్పు తొట్టి అక్కడ పెడితే సెకనుకు 300 మ్యూయాన్లు వాటంతటవే వచ్చి పడతాయి. బొర్రా గుహలు వాడుకోవచ్చు కదా అనేవాళ్ళుంటారు. 80 మీటర్ల లోతు నిజాయితీపరులకు చాలదు, మనకు ఎక్కువ.

మ్యూయాన్‌ను చూసి ఎవరూ మోసపోరన్న మాట నిజమే. దాని శక్తి మరీ ఎక్కువ, గంట కొట్టుకుంటూ వచ్చినట్టే వస్తుంది. మనకు పనికొచ్చేది దాని వెనకాల వచ్చే న్యూట్రాన్. మ్యూయాన్ రాతినో గోడనో గుద్దితే న్యూట్రాన్లు రాలతాయి. న్యూట్రాన్‌కు విద్యుదావేశం లేదు. చడీచప్పుడు లేకుండా లోపలికొచ్చి జెనాన్ కేంద్రకాన్ని ఒక్క దెబ్బ వేస్తుంది, కృష్ణ పదార్థం వేస్తుందని అందరూ ఆశపడే దెబ్బ అచ్చంగా అదే. ఎల్‌జెడ్ వాళ్ళు దీనికి భయపడి తొట్టి చుట్టూ గడోలినియం కలిపిన 17 టన్నుల ద్రవాన్ని, దాని చుట్టూ రెండు లక్షల లీటర్లకు పైగా శుద్ధి చేసిన నీటిని పెట్టుకున్నారు. లోపల దెబ్బ వేసి బయటికొచ్చిన న్యూట్రాన్‌ను గడోలినియం మింగి మెరుస్తుంది, దొంగ దొరికిపోతుంది. పైగా న్యూట్రాన్ తరచూ లోపలే రెండో దెబ్బ కూడా వేస్తుంది. కృష్ణ పదార్థం ఒక్క దెబ్బ వేయడమే గగనం. మన ప్రణాళికలో ఆ గడోలినియం టెండరు పిలవం. సాక్షి లేని చోట న్యూట్రాన్ కూడా పెద్దమనిషే.

సామగ్రి విషయంలో దేవుడు మనకు అన్యాయం చేయలేదు. భీమిలి తీరపు ఇసుకలో మోనజైట్ ఉంది, మోనజైట్‌లో థోరియం ఉంది. ఆ థోరియం వంశవృక్షం చివర్లో థాలియం-208 పుట్టి 2.6 ఎంఈవీ (26 లక్షల ఎలక్ట్రాన్ వోల్టుల) శక్తి గల గామా కిరణం వదులుతుంది. అడ్డుగోడలు సీసంతో కట్టాలా రాగితో కట్టాలా అని వాళ్ళు ఏళ్ళ తరబడి తర్జనభర్జనలు పడతారు. కొత్త సీసంలో రేడియోధార్మిక లెడ్-210 ఉంటుందట, దాని అర్ధాయువు (సగం తరిగిపోయే కాలం) 22 ఏళ్ళు, కాబట్టి సముద్రంలో మునిగిన రోమన్ ఓడల సీసం దొరికితే కళ్ళకద్దుకుంటారు. మనం ఇసుక బస్తాలు పేర్చుకుందాం, రవాణా ఖర్చు కూడా ఉండదు.

ఉక్కు కావాలంటే ఆర్.కె. బీచ్‌లో కుర్సురా జలాంతర్గామి ఉంది కదా అని ఎవరో ఒకరు అంటారు. అణుయుగానికి ముందు పోత పోసిన ఓడల ఉక్కుకు ఈ రంగంలో గిరాకీ ఉన్నది నిజమే. ఆ తర్వాతి ఉక్కులోకి బాంబు పరీక్షల ధూళి గాలితోపాటు చేరింది, కోబాల్ట్-60 కూడా చేరింది. కుర్సురా నౌకాదళంలో చేరింది 1969లో, అంటే పరీక్షలు జోరుగా జరిగిపోయాక. ఆ లెక్కన మనకు సరిగ్గా సరిపోవాలి. కానీ కోబాల్ట్-60 అర్ధాయువు 5.27 ఏళ్ళే, ఈ పాటికి పది అర్ధాయువులు దాటిపోయి వెయ్యో వంతు కూడా మిగలదు. కాబట్టి జలాంతర్గామిని అలాగే ఉంచేసి కొత్త ఉక్కే కొనుక్కుందాం. ఎల్‌జెడ్ వాళ్ళు రకరకాల నమూనాలు కొలిచి కొలిచి అత్యంత శుభ్రమైన టైటానియం ఏరుకున్నారు. అంత ఓపిక ఉన్నవాళ్ళకు ఆవిష్కరణలు జరగవు.

ఇక జెనాన్. దాని పుట్టిల్లు ఉక్కు కర్మాగారాలకు ఆక్సిజన్ తీసే ప్లాంట్లే. గాలిని చల్లబరిచి ఆక్సిజన్ విడదీసేటప్పుడు అడుగున చిల్లరగా మిగిలేది ఇదే. ఉక్కు కోసం ఉద్యమం చేసిన ఊరికి ఇంతకంటే దగ్గరి చుట్టం ఏముంటుంది? కాకపోతే గాలిలో జెనాన్ పది లక్షల పాళ్ళలో 0.087 పాలు మాత్రమే. కిలో కావాలంటే కనీసం 20 లక్షల ఘనమీటర్ల గాలిని వడగట్టాలి. 10 టన్నులకు ఎంతో మీరే వేసుకోండి. ధర కిలోకు లక్ష పైమాటే. జెనాన్ వెంట క్రిప్టాన్ కూడా తగులుకుని వస్తుంది, అందులో రేడియోధార్మిక క్రిప్టాన్-85 ఉంటుంది. వాడేసిన అణు ఇంధనాన్ని శుద్ధి చేసే చోట్ల నుంచి గాలిలోకి చేరిన సరుకు అది, అర్ధాయువు పదేళ్ళకు పైనే. గోడల దగ్గర ఆపడానికి అది బయటి వస్తువు కాదు, జెనాన్‌లోనే కలిసిపోయి తొట్టి నడిబొడ్డున బీటా కణాలు వదులుతుంది. బొగ్గు పొడి నింపిన గొట్టాల గుండా జెనాన్‌ను నెలల తరబడి పంపించి, క్రిప్టాన్‌ను లక్ష కోట్ల పాళ్ళలో ఒక పాలు కంటే కిందికి దించితే గాని ఎల్‌జెడ్ వాళ్ళకు నిద్ర పట్టలేదు. మనం సిలిండరు వచ్చిన రోజే విప్పి పోసేద్దాం.

క్రిప్టాన్‌ను మించిన మిత్రుడు రేడాన్ అనే రేడియోధార్మిక వాయువు. స్క్రూలో, వెల్డింగ్ అతుకులో, కేబుల్ తొడుగులో ఎక్కడ చిటికెడు యురేనియం ఉన్నా అక్కణ్ణుంచి ఊరుతూనే ఉంటుంది. అత్యుత్తమ తొట్టుల్లో దీన్ని కిలో జెనాన్‌కు సెకనుకు పది లక్షల్లో ఒక వంతు విఘటన దాకా తగ్గించారు, అంటే కిలోలో ఒక్క రేడాన్ పేలడానికి పదకొండున్నర రోజులు. అందుకు ధూళి లేని గది, ఒళ్ళంతా కప్పే సూట్లు, భాగం భాగానికీ కడుగుళ్ళు. పోర్టు రోడ్డు వైపు బాల్కనీలో పొద్దున తుడిచిన పిట్టగోడ మీద సాయంత్రం వేలు పెట్టి గీస్తే ఏం కనిపిస్తుందో విశాఖ వాసులకు వేరే చెప్పక్కర్లేదు. ఆ వేలిని అలాగే తొట్టిలో ముంచి తీస్తే మన రేడాన్ కోటా నిండినట్టే.

అసలు కీలకం జాలీలో ఉంది. ద్రవ జెనాన్‌ను మైనస్ 100 డిగ్రీల సెల్సియస్ దగ్గర ఉంచుతారు. ఏదైనా కణం ఒక పరమాణువును గుద్దగానే అక్కడే చిన్న మెరుపు పుడుతుంది, దాన్ని ఎస్1 అంటారు. అదే దెబ్బకు ఊడిన ఎలక్ట్రాన్లను విద్యుత్ క్షేత్రం పైకి లాగుతుంది, అడుగు నుంచి మీటరున్నర ఎక్కడానికి మిల్లీసెకను పడుతుంది. ద్రవంలోంచి పైనున్న వాయువులోకి దూకేటప్పుడు రెండో మెరుపు, ఎస్2. రెండింటి మధ్య వ్యవధిని బట్టి లోతు తెలుస్తుంది, వాటి నిష్పత్తిని బట్టి దెబ్బ తిన్నది ఎలక్ట్రానా కేంద్రకమా అన్నది తేలుతుంది. 494 ఫోటోమల్టిప్లయర్ ట్యూబులు పైనా కిందా కూర్చుని ఈ మెరుపులనే చూస్తుంటాయి. ఆ క్షేత్రాన్ని కట్టే తీగల జాలీలను ఎల్‌జెడ్ వాళ్ళు ప్రత్యేకంగా చేయించిన మగ్గం మీద నేశారు. వెంట్రుక మందం స్టెయిన్‌లెస్ స్టీల్ తీగ, పడుగూ పేకా, మీటరున్నర వెడల్పు, ప్రతి తీగకూ బిగి సమానం, చివర్లు రింగుకు జిగురుతో అతికింపు. తర్వాత ఒక జాలీని నిమ్మ ఉప్పు ద్రావణంలో నానబెట్టారు కూడా. తీగ మీద సూదిమొనంత గరుకున్నా అక్కణ్ణుంచి ఎలక్ట్రాన్లు ఒకటీ అరా కారుతుంటాయి, ఒక్కటి కారినా పైన ఎస్2 మెరుస్తుంది. ఎస్1 కానరాకుండా ఎస్2 ఒక్కటే వచ్చిందంటే తేలికపాటి కృష్ణ పదార్థం కూడా కావచ్చని వాదించే వీలుంది, ఆ వీలునే మనం పట్టుకోవాలి. పొందూరు మనకు పక్కనే. అక్కడి నేతగాళ్ళకు తీగ ఇస్తే ఇంతకంటే నాణ్యంగా నేసిస్తారు, అందుకే వాళ్ళకివ్వం. పూర్ణా మార్కెట్లో దోమల జాలీ మీటర్ల లెక్కన దొరుకుతుంది.

తొట్టి గోడలనూ మరవొద్దు. రేడాన్ సంతానంలో పొలోనియం-210 టెఫ్లాన్ గోడకు అంటుకుని ఉంటుంది. గోడ పక్కన దెబ్బ పడితే ఎలక్ట్రాన్లలో కొన్ని గోడకే ఇంకిపోతాయి, ఎస్2 చిక్కిపోతుంది, మామూలు బ్యాక్‌గ్రౌండ్ (కృష్ణ పదార్థం కాని వాటి దెబ్బ) కాస్తా కేంద్రకం దెబ్బలా తయారవుతుంది. అందుకని వాళ్ళు విద్యుత్ క్షేత్రం ఉన్న 7 టన్నుల్లో లోపలి 5.5 టన్నులనే లెక్కలోకి తీసుకున్నారు. అంత ఖరీదు పెట్టి కొన్న జెనాన్‌లో టన్నున్నర వదిలేయడం దుబారా. మనం గోడ దాకా లెక్కపెడదాం.

కరెంటు మాట కూడా ఒకటి చెప్పుకోవాలి. శీతలీకరణ ఆగితే ద్రవం 500 రెట్లకు దగ్గరగా ఉబ్బుతుంది, 10 టన్నులు 1,700 ఘనమీటర్ల వాయువు అవుతాయి. దాన్ని పట్టి సిలిండర్లలోకి తోయడానికి కంప్రెసర్లు, వాటికి డీజిల్ జనరేటరు ఉండాలి. 2014 అక్టోబరులో హుద్‌హుద్ వచ్చినప్పుడు ఊరు రోజుల తరబడి చీకట్లో ఉంది. ఈ ఒక్క ఖర్చూ మానేయొద్దు. ఆవిష్కరణ లేకపోయినా బతకవచ్చు గాని, కోట్ల సరుకు బంగాళాఖాతం గాలిలో కలిసిపోతే ఆడిట్ వాళ్ళు వదలరు.

జెనాన్‌కు డబ్బు చాలకపోతే ఉప్పు స్ఫటికాలున్నాయి. గ్రాన్ సాసోలోని డామా బృందం 250 కిలోల సోడియం అయోడైడ్‌తో, ఏళ్ళ తరబడి, ఏటా జూన్ 2 ప్రాంతంలో సంఘటనలు, అంటే నమోదైన దెబ్బలు, కొద్దిగా పెరుగుతున్నాయని చెబుతోంది. సిద్ధాంతం సలక్షణంగా ఉంది. సూర్యుడు గెలాక్సీ చుట్టూ పరిగెడుతుంటే, ఆ దిశలో భూమి వేగం జూన్ మొదట్లో కలిసొస్తుంది, డిసెంబరులో వెనక్కి లాగుతుంది. కృష్ణ పదార్థపు గాలి ఎదురుగా ఎక్కువ కొడుతుంది. అదే రకం స్ఫటికాలతో స్పెయిన్‌లో అనాయిస్, కొరియాలో కొసైన్ వాళ్ళు వెతికితే ఆ ఊగిసలాట కనిపించలేదు. వాళ్ళు రోహిణి కార్తె ఎరగరు, అందుకే కనిపించి ఉండదు. జూన్ 2 అంటే మనకు రోళ్ళు పగిలే ఎండ. స్ఫటికాలను పడమటి కిటికీ పక్కన పెడితే ట్యూబులు మెరుపును పెంచి చూపే మోతాదు వేడికి మారుతుంది, ఊళ్ళో ఏసీలన్నీ ఒక్కసారి లేస్తే ఓల్టేజీ కుంగుతుంది.  ఇన్ని కలిసొచ్చాక కూడా జూన్‌లో ఊపు రాకపోతే ఆ డిటెక్టరులోనే లోపం ఉన్నట్టు.

అదీ రాకపోతే లెక్కలోనే రాబట్టే ఉపాయం ఉంది. స్ఫటికంలోని రేడియోధార్మికత ఏటికేడాది మెల్లగా తగ్గుతుంది. ఏ ఏడాదికా ఏడాది సగటు తీసేస్తూ పోతే మిగిలేది రంపం పళ్ళ లాంటి గీత. ప్రతి ఏడాది మొదట్లో పైకి, చివర్లో కిందికి. దానికి సైన్ వక్రం అతికిస్తే శిఖరం ఏడాది మొదలైన మూడు నెలలకు పడుతుంది. కొసైన్ వాళ్ళు 2022లో డామా పద్ధతిలో తమ డేటాను లెక్కగట్టి చూస్తే నిజంగానే ఊగిసలాట పుట్టింది, కాకపోతే తలకిందులుగా. ఏడాదిని ఎక్కడ మొదలుపెట్టాలో తెలియకపోవడం వల్ల వచ్చిన ఇబ్బంది ఇది. మనం తెలుగు సంవత్సరాది పాటిద్దాం. ఉగాది మార్చిలో వచ్చిన ఏడాదిలో శిఖరం చక్కగా జూన్‌లోనే పడుతుంది. సంస్కృతి నిలిచినట్టూ ఉంటుంది.

విశ్లేషణలో వాళ్ళకున్న చాదస్తం చెప్పనలవి కాదు. ఆశ ఉన్న భాగాన్ని కళ్ళకు గంతలు కట్టినట్టు మూసిపెట్టి, కొలబద్దలన్నీ ముందే ఖరారు చేసి, ఆ తర్వాతే తెరుస్తారు. ఎల్‌జెడ్ వాళ్ళయితే తమ డేటాలో తామే దొంగ సంఘటనలు ఉప్పు చల్లినట్టు చల్లుకుని, ఏవి దొంగవో చివరిదాకా విశ్లేషకులకు చెప్పలేదు. ఈ ఒక్క పద్ధతి మనకు నచ్చింది. మనమూ ఉప్పు చల్లుదాం. తీయడం మరిచిపోదాం.

చేతికొచ్చిన ముద్దను వదిలేసిన చరిత్ర వాళ్ళది. 2009లో సీడీఎంఎస్ అనే ప్రయోగం వాళ్ళకు రెండు సంఘటనలు దొరికాయి. బ్యాక్‌గ్రౌండ్ లెక్క ఒకటికి కాస్త తక్కువ ఉండగా, ఇలా రెండు రావడానికి నూటికి 23 పాళ్ళు అవకాశం ఉందని వాళ్ళే చెప్పి నోరు కట్టుకున్నారు. 2020లో జెనాన్-ఎన్‌టీకి ముందటి జెనాన్-1టీలో తక్కువ శక్తి దగ్గర సంఘటనలు కాస్త ఎక్కువొస్తే, ట్రిటియం (రేడియోధార్మిక హైడ్రోజన్) జాడ కూడా కావచ్చని ఆ పత్రంలోనే రాసుకున్నారు. సిద్ధాంతకర్తలు ఊరుకుంటారా, వందల కొద్దీ వ్యాసాలు రాసేశారు. 2022లో ఇంకా శుభ్రమైన తొట్టిలో చూస్తే ఆ గుట్ట మాయమైంది. శుభ్రం చేయకపోతే ఉండేదే కదా! పైగా శుభ్రత ముదిరేకొద్దీ కొత్త బెడద కూడా వస్తోంది. 2024లో జెనాన్-ఎన్‌టీ, పాండాఎక్స్ రెండింటికీ సూర్యుడిలోని బోరాన్-8 నుంచి వచ్చే న్యూట్రినో కణాల ఛాయలు కనిపించాయి. న్యూట్రినోకు ఏ కొండా అడ్డు కాదు, అది వేసే దెబ్బ కూడా కేంద్రకానికే.

ఆలూ లేదు చూలూ లేదు కొడుకు పేరు సోమలింగం అన్న సామెత ఈ రంగానికి ఎవరో ముందుచూపుతో కట్టినట్టుంది. కృష్ణ పదార్థం ఇదే కావచ్చని కొందరనే యాక్సియాన్ కణం ఇంకా పుట్టనే లేదు, ఒక బట్టల సబ్బు పొడి పేరు తీసుకొచ్చి దానికి పెట్టేశాడు భౌతికశాస్త్రవేత్త ఫ్రాంక్ విల్చెక్. సియాటిల్‌లో ఏడీఎంఎక్స్ వాళ్ళు బలమైన అయస్కాంతం మధ్య రాగి పూత డబ్బా పెట్టి, లోపలి కడ్డీలను వెంట్రుకవాసి చొప్పున తిప్పుతూ, ఒక్కో పౌనఃపున్యం దగ్గరా ఆగి యాక్సియాన్ సంకేతం కోసం వింటున్నారు. అది మనకు తగిన పని కాదు. అనుమానమొస్తే అయస్కాంతం ఆపి చూడమంటారు.

అసలు ప్రమాదం ఊళ్ళోనే ఉంది. ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో అణు భౌతికశాస్త్ర ప్రయోగశాలలను 1950లలో స్వామి జ్ఞానానంద నిలబెట్టారు. కాషాయం కట్టి, గాలి తీసి శూన్యం చేసే పద్ధతుల మీద గ్రంథం రాసిన మనిషి ఆయన. ఆ వాల్తేరు గట్టు మీద చదువుకున్న ఏ అమ్మాయో మన షెడ్డుకు వచ్చి, "సార్, ఇసుక బస్తాలు తీసేసి ఒక నెల నడిపితే ఎంతొస్తుందో చూశారా?" అని అడుగుతుంది. ఇసుక బస్తా మీద గామా కౌంటరు పెడుతుంది. తొట్టి పక్కనే నిలబడ్డ ముఖ్య అతిథిని రెండడుగులు వెనక్కి జరగమంటుంది, ఆయన ఒంట్లోని పొటాషియం-40 సెకనుకు 4,000 సార్లు విఘటన చెందుతోందని.

అలాంటి మనిషిని వాదించి నెగ్గలేం. సగౌరవంగా జాదూగూడ పంపించాలి. అక్కడ కార్ల ఏసీల్లో నింపే ఆర్-134ఏ ద్రవాన్ని జిగురు లాంటి పదార్థంలో బొట్లుబొట్లుగా చేసి, మరిగే స్థానం దాటించి కూడా మరగనివ్వకుండా నిలిపి ఉంచుతారు. కేంద్రకం దెబ్బ తిన్న బొట్టు టప్పున పేలి బుడగవుతుంది, ఆ చప్పుడును సెన్సర్లతో వింటారు. గామా కిరణాలకు ఆ బొట్లు చాలావరకు పేలవు, కాబట్టి ఆమెకు అక్కడ ఓపిగ్గా వినడానికి చాలినంత నిశ్శబ్దం దొరుకుతుంది. ప్రెస్ మీట్ మాత్రం ఆమె గనిలోకి దిగిన రోజునే పెట్టుకోవాలి. 555 మీటర్ల కింది నుంచి పైకొచ్చేసరికి శాలువాలు కప్పడం అయిపోతుంది.